మీ ఊరి జెడ్పీ హైస్కూలు చరిత్ర రాయదలచుకుంటే

స్వర్ణోత్సవమో వజ్రోత్సవమో దగ్గరపడే వరకు ఊళ్లో ఎవరికీ బడి చరిత్ర గుర్తుకు రాదు. అప్పుడు పూర్వ విద్యార్థులు కమిటీ వేసుకుని, చందాలు పోగుచేసి, ప్రత్యేక సంచిక తీసుకురావాలని తీర్మానిస్తారు. తీరా సంచిక వచ్చేసరికి ప్రజాప్రతినిధుల శుభాకాంక్షలు, దాతల ఫొటోలు, వ్యాపార ప్రకటనలు పోను బడి గురించి మిగిలేది ఒకటిన్నర పేజీ. అందులోనూ సగం చదువులమ్మ ఒడి, సరస్వతీ నిలయం వంటి మాటలే. అంతకంటే మెరుగైన పని చేయదలచిన వారి కోసం, తెలుగు పల్లెల్లోని జిల్లా పరిషత్, ప్రభుత్వ ఉన్నత పాఠశాలల చరిత్రను ఆధారాలతో ఎలా రాయాలో, ఏ కాగితం ఎక్కడ దొరుకుతుందో, దొరికినదాన్ని ఎలా చదవాలో ఇక్కడ వివరిస్తాను. ఓపికగల మనుషులు ఇద్దరు ముగ్గురు, మంచి కెమెరా ఉన్న ఫోను, ప్రధానోపాధ్యాయుల అనుమతి ఉంటే ఈ పనికి ఒక విద్యా సంవత్సరం సరిపోతుంది.

ముందు పుట్టిన సంవత్సరం సంగతి తేల్చుకోవాలి

ఉత్సవాల కమిటీల్లో మొదటి తగాదా ఇక్కడే వస్తుంది. ఒకరు బడి 1948లో పుట్టిందంటారు, ఇంకొకరు 1957 అంటారు, గోడ మీది శిలాఫలకం 1963 అంటుంది. చాలాసార్లు ముగ్గురూ నిజమే చెబుతుంటారు. పల్లెటూరి హైస్కూలు ఒక్క రోజున పుట్టదు. సత్రంలోనో ధనిక రైతు ఇంటి అరుగు మీదో ప్రాథమిక పాఠశాలగా మొదలై, కొన్నేళ్లకు మిడిల్ స్కూలై, ఆ తరువాత ఏడాదికొక తరగతి చొప్పున పెరిగి హైస్కూలుగా మారడం, సొంత భవనం మరికొన్నేళ్లకు రావడం మామూలుగా జరిగిన క్రమం. అందుచేత ఏదో ఒక సంవత్సరాన్ని ఎంచుకుని మిగతావాటిని చెరిపేయకుండా, ప్రాథమిక పాఠశాల, మిడిల్ స్కూలు, హైస్కూలు మంజూరు, తొలి పబ్లిక్ పరీక్ష బ్యాచి, సొంత భవనం అనే దశలకు విడివిడిగా తేదీలు వేసి, ప్రతి తేదీ పక్కన దాని ఆధారం రాసుకోవాలి. ఉత్సవం ఏ సంవత్సరాన్ని బట్టి జరపాలన్నది కమిటీ ఇష్టం; చరిత్రలో మాత్రం అన్ని తేదీలూ ఉండాలి.

బడుల వివరాలు సేకరించే ప్రభుత్వ వ్యవస్థ యూడైస్ రిపోర్టు కార్డులో స్థాపించిన సంవత్సరం ఉంటుంది కదా, అది చాలదా అని అడిగేవారుంటారు. ఆ గడిని నింపింది కూడా ఒకప్పటి ప్రధానోపాధ్యాయులో గుమాస్తానో గనుక, అందులో కనిపించేది ప్రాథమిక పాఠశాల సంవత్సరమో హైస్కూలు సంవత్సరమో వేరే కాగితం చూడకుండా చెప్పలేము. దాన్ని వెతుకులాటకు మొదటి ఆనవాలుగా వాడుకోవచ్చు, సాక్ష్యంగా కాదు.

బడి పేరు, ముద్ర, బోర్డు మీది రాత కూడా కాలాన్ని చెబుతాయి. కోస్తా, రాయలసీమల్లో మద్రాసు ప్రెసిడెన్సీ కాలం నుంచి జిల్లా బోర్డులు నడిపిన ఉన్నత పాఠశాలలను జనం బోర్డు హైస్కూళ్లు అనేవారు. 1959 నాటి పంచాయతీ సమితుల, జిల్లా పరిషత్తుల చట్టంతో జిల్లా బోర్డుల స్థానంలోకి జిల్లా పరిషత్తులు వచ్చాయి. 1986 చట్టం వాటిని జిల్లా ప్రజా పరిషత్తులుగా మార్చింది. ఆ తరువాత 1994 చట్టం తిరిగి జిల్లా పరిషత్తు అన్నప్పటికీ, ప్రజా అనే మాట చాలా బోర్డుల మీద అలాగే నిలిచిపోయింది. కాబట్టి ఒక కాగితం మీది ముద్రలో ఆ మాట ఉంటే ఆ కాగితం 1986కు ముందుది కాదని ధైర్యంగా చెప్పవచ్చు గానీ, 1994కు ముందుదేనని చెప్పడానికి వీల్లేదు. పైగా పాత రబ్బరు స్టాంపు అరిగిపోయే వరకు వాడే అలవాటు మన కార్యాలయాలన్నింటికీ ఉంది.

తెలంగాణ పల్లెల్లో లెక్క వేరు. నిజాం రాజ్యంలో ప్రాథమిక పాఠశాలను తహతానియా, మిడిల్ స్కూలును వస్తానియా, హైస్కూలును ఫౌఖానియా అనేవారు. సర్కారు ఉన్నత పాఠశాలల్లో ఉర్దూయే బోధనా భాష. పాత రిజిస్టర్లు ఉర్దూలో, ఫసలీ (రెవెన్యూ లెక్కల) సంవత్సరాలతో ఉంటాయి. హైదరాబాదు ఫసలీ సంవత్సరం అక్టోబరు తొలి వారంలో ఆజూర్ నెలతో మొదలయ్యేది. ఫసలీ అంకెకు 590 కలిపితే అది మొదలైన ఇంగ్లీషు సంవత్సరం వస్తుంది. జనవరి 1 నుంచి వచ్చే తేదీలకు 591 కలపాలి. ఆ ప్రకారం ఫసలీ 1357 అంటే 1947 అక్టోబరు నుంచి 1948 అక్టోబరు వరకు. పోలీసు చర్య ఆ సంవత్సరం చివర్లోనే జరిగింది. మద్రాసు వైపు ఫసలీ జూలై 1న మొదలవుతుంది కాబట్టి రెంటినీ కలగాపులగం చేయకూడదు. ఉర్దూ చదవగలిగిన విశ్రాంత ఉద్యోగి ఒకరు తెలంగాణలోని ప్రతి పాత తాలూకా కేంద్రంలోనూ దొరుకుతారు. ఆయనను కమిటీలోకి తీసుకోండి.

అడ్మిషన్ రిజిస్టరును చదవడం

బడి చరిత్రకు ఇంతకు మించిన ఆధారం లేదని నా అభిప్రాయం. శిలాఫలకం మంత్రిగారి పేరు చెబుతుంది, ఫొటో వార్షికోత్సవం నాటి ముస్తాబు చూపిస్తుంది. బడికి ఎవరు వచ్చారో, ఎవరు ఎప్పుడు మానేశారో చెప్పేది ఈ రిజిస్టరు ఒక్కటే. ఇది శాశ్వతంగా భద్రపరచవలసిన రికార్డు గనుక హాజరు పట్టీలను తీసేసిన బడుల్లో కూడా ఇది బీరువాలో ఉంటుంది. ప్రధానోపాధ్యాయులకు రాతపూర్వకంగా దరఖాస్తు ఇచ్చి, వారి గదిలోనే కూర్చుని చూడాలి, ఇంటికి పట్టుకుపోకూడదు.

మొదటి వరుసనే నిదానంగా చదవండి. అడ్మిషన్ నంబరు 1 ఎదురుగా చేరిన తేదీ 1957 జూన్ అనీ, చేరిన తరగతి నాలుగో ఫారం అనీ ఉందనుకుందాం. మద్రాసు పద్ధతిలో ఒకటి నుంచి ఆరు వరకు ఉన్న ఫారాలు నేటి లెక్కలో ఆరు నుంచి పదకొండు తరగతులు గనుక, నాలుగో ఫారం అంటే తొమ్మిదో తరగతి. ఆ జూన్‌లో మిడిల్ స్కూలు పైన తొమ్మిదో తరగతి కలిసిందన్నమాట. ఆ పిల్లలు 1958లో ఐదో ఫారానికి, 1959లో ఆరో ఫారానికి వెళ్లి 1960 వేసవికి ముందు ఎస్సెల్సీ (హైస్కూలు చివరి పబ్లిక్) పరీక్ష రాసి ఉండాలి. అదే తొలి బ్యాచి. ఇప్పుడు 1960కి సంబంధించి పరీక్ష రాసినవారి జాబితాలైన నామినల్ రోల్సునో, టీసీ పుస్తకంలోని కౌంటర్ ఫాయిళ్లనో తీసి ఈ ఊహను సరిచూసుకోవచ్చు. అలా కాక మొదటి నంబరు నుంచే చేరిన తరగతి ఆరో తరగతి అనో, ఒకటో ఫారం అనో ఉంటే, ఆ రిజిస్టరు మిడిల్ స్కూలు నాటి నుంచి కొనసాగుతోందని అర్థం. హైస్కూలు పుట్టుక మధ్యలో ఎక్కడో ఉంటుంది, నాలుగో ఫారంలో చేరినవారు మొదట కనిపించే చోటు వెతకాలి.

పాత పదకొండేళ్ల చదువు పదేళ్లకు తగ్గిన కాలాన్ని కూడా గమనంలో పెట్టుకోవాలి. 1960లలో కొన్ని హైస్కూళ్లు హయ్యర్ సెకండరీ, మల్టీపర్పస్ పాఠశాలలుగా నడిచాయి. 1969-70లో రెండేళ్ల ఇంటర్మీడియట్ మొదలయ్యాక హైస్కూలు పదో తరగతితో ఆగే పద్ధతి స్థిరపడింది. ఆ ఒకటి రెండేళ్ల రికార్డుల్లో పదో తరగతి, పదకొండో తరగతి పక్కపక్కనే కనిపిస్తే కంగారు పడనక్కర్లేదు.

తరువాత చూడవలసినది అంతకు ముందు చదివిన బడి అనే గడి. ఏ ఏ ఊళ్ల పిల్లలు ఎన్ని మైళ్లు నడిచి ఇక్కడికి వచ్చారో దానిని బట్టి ఒక పటమే గీయవచ్చు. పక్క ఊరి పేరు ఒక సంవత్సరం నుంచి ఉన్నట్టుండి కనిపించడం మానేసిందంటే అక్కడ ఇంకో హైస్కూలు వచ్చిందన్నమాట. తండ్రి వృత్తి గడిలో సేద్యం, కూలి, నేత, వడ్రంగం, వ్యాపారం అనే మాటల పాళ్లు దశాబ్దానికి దశాబ్దం ఎలా మారాయో లెక్కగట్టండి. ఆడపిల్లల పేర్లు మొదట ఎప్పుడు వచ్చాయో, పదిమందిలో ఒకరుగా ఉన్నవారు సగానికి ఎప్పుడు చేరారో చూడండి. దళితవాడ నుంచి తొలి విద్యార్థి ఏ సంవత్సరంలో చేరాడో, ఎన్నో తరగతిలో మానేశాడో వెతకండి. హెడ్మాస్టర్ల జాబితా అచ్చువేయడానికి చూపే శ్రద్ధలో నాలుగో వంతు ఈ లెక్కల మీద చూపితే సంచిక విలువ పదింతలు పెరుగుతుంది. ఇటీవలి సంవత్సరాల్లో మాత్రం ఒక జాగ్రత్త అవసరం: ఆంధ్రప్రదేశ్‌లో 2022లో 3, 4, 5 తరగతులను చాలా హైస్కూళ్లకు కలిపారు గనుక ఆ ఏడు పెరిగిన సంఖ్యను చూసి బడి ఒక్కసారిగా పుంజుకుందని రాయకూడదు. అలాగే 2008లో సక్సెస్ పథకం కింద ఆరో తరగతి నుంచి ఇంగ్లీషు మీడియం సెక్షన్లు మొదలైన బడుల్లో, అప్పటి నుంచి మీడియం వారీగా సంఖ్యలు విడదీసి చూడాలి.

పుట్టిన తేదీల గడిని నమ్మి ఏ నిర్ణయానికీ రావద్దు. పాత రిజిస్టర్లలో జూన్, జూలై నెలల్లో పుట్టినవారే గుంపులుగా కనిపిస్తారు. బడిలో వేసేటప్పుడు వయసు సరిపోయేలా పంతులుగారు వేసిన తేదీలవి.

రిజిస్టరులోని కులం, పుట్టుమచ్చలు, తండ్రి పేరు, మానేసిన కారణం వ్యక్తుల సొంత వివరాలు. లెక్కలను మొత్తాలుగా మాత్రమే అచ్చువేయాలి. ఒక పేజీని ఫొటోగా వేయాలని ఉబలాటపడితే పేర్లు, కులం గడులు కప్పివేయాలి. బతికున్న వారి పేరు వాడాలంటే వారిని అడగాలి.

బీరువాలోని మిగతా కాగితాలు

విజిటర్స్ బుక్కులోను, తనిఖీ నివేదికల్లోను డిప్యూటీ ఇన్‌స్పెక్టర్లు, జిల్లా విద్యాశాఖాధికారులు (డీఈవోలు) రాసిన నాలుగు వాక్యాలకు ఎంతో విలువ ఉంటుంది. తాటాకు పాకలో రెండు సెక్షన్లు కలిపి కూర్చోబెట్టారనో, సైన్సు మాస్టారు లేక ఆర్నెల్లయిందనో వాళ్లే రాస్తారు. జీతం అందినట్టు సంతకాలు పెట్టే అక్విటెన్సు రిజిస్టరు నుంచి ఉపాధ్యాయులు, అటెండర్లు, నైట్ వాచ్‌మన్ల పేర్లు, పనిచేసిన కాలం వస్తాయి. స్టాఫ్ మీటింగ్ మినిట్స్, సైన్సు పరికరాల స్టాకు రిజిస్టరు, ప్రధానోపాధ్యాయులు మారినప్పుడు రాసే ఛార్జి లిస్టులు కూడా చూడండి. 1975 నాటి ఛార్జి లిస్టులో డ్రమ్ములు, బ్యూగిల్ ఉండి 1990 నాటి లిస్టులో లేకపోతే, ఒక బ్యాండు కథ మీకు దొరికినట్టే.

చెదలు, వెండిపురుగు తిన్న కాగితాలకు సెల్లో టేపు అంటించకూడదు, లామినేషన్ అసలే చేయించకూడదు. పగటి వెలుతురులో, ఫ్లాష్ లేకుండా, పేజీ మొత్తం ఫ్రేములో పడేలా ఫొటో తీసి, ఫైలు పేరులో రిజిస్టరు పేరు, సంవత్సరం, పేజీ నంబరు రాయాలి. ఈ చివరి పని బద్ధకించి వాయిదా వేస్తే వేల ఫొటోల మధ్య కావలసిన పేజీ మళ్లీ దొరకదు.

బడి గేటు బయట

స్థలం సంగతి ముందు చూడాలి. ఫలానా మోతుబరి అయిదెకరాలు దానం చేశారని ప్రతి ఊరూ చెప్పుకుంటుంది. కొన్నిచోట్ల అది నిజం, కొన్నిచోట్ల ఆ స్థలం అప్పటికే పోరంబోకు. సర్వే నంబరు తెలుసుకుని ఆంధ్ర ప్రాంతంలో పాత భూమి రికార్డులైన అడంగలు, డైగ్లాట్, తెలంగాణలో సేత్వార్, 1954-55 నాటి ఖాస్రా పహణీ తహసీల్దారు కార్యాలయంలో చూడాలి. దాన దస్తావేజు ఉంటే సబ్ రిజిస్ట్రారు కార్యాలయంలో నకలు దొరుకుతుంది. కంప్యూటరులో వచ్చే ఈసీ (ఆస్తి లావాదేవీల ధ్రువపత్రం) 1983 నుంచే కాబట్టి అంతకు ముందువాటికి పాత సూచికలు చేత్తో తిరగేయించాలి. కరణాల వ్యవస్థ 1984లో రద్దయినప్పుడు చేతులు మారిన గ్రామ లెక్కల్లో కొన్ని ఇప్పటికీ ఇళ్ల అటకల మీదే ఉన్నాయి. దస్తావేజు కనబడకపోతే, దానం అనే మాటను ఊరివారు చెప్పుకునే మాటగానే రాయండి. స్థలం మీద వారసులతో వివాదం నడుస్తుంటే సంచికలోని ఒక వాక్యం రేపు కోర్టులో చూపే కాగితం కావచ్చు.

మంజూరు ఉత్తర్వు కోసం డీఈవో కార్యాలయాన్నీ, జిల్లా పరిషత్ కార్యాలయాన్నీ అడగాలి. మర్యాదగా అడిగితే దొరకనప్పుడు 2005 నాటి సమాచార హక్కు చట్టం ఉంది. గ్రామ స్థాయిలో రుసుము లేదు, మండల స్థాయిలో 5 రూపాయలు, జిల్లా స్థాయిలో 10 రూపాయలు, జవాబుకు గడువు 30 రోజులు. మీ బడికి సంబంధించిన సమస్త సమాచారం ఇప్పించగలరు అని రాస్తే ఏమీ రాదు. ఏ సంవత్సరానికి, ఏ ఉత్తర్వుకు నకలు కావాలో విడమరచి రాయాలి.

అయితే ఏ జిల్లాను అడగాలన్నది ముందు తేల్చుకోవాలి. ప్రకాశం జిల్లా 1970లో ఏర్పడింది. అంతకు ముందు అద్దంకి, చీరాల వైపు బడులు గుంటూరు జిల్లావి. కందుకూరు, కనిగిరి, పొదిలి వైపువి నెల్లూరు జిల్లావి. మార్కాపురం, గిద్దలూరు వైపువి కర్నూలు జిల్లావి. కనిగిరి దగ్గరి ఊరి బడికి 1962లో ఇచ్చిన మంజూరు కాగితాన్ని ఒంగోలులో వెతికితే ఎలా దొరుకుతుంది? విజయనగరం 1979లో, రంగారెడ్డి 1978లో వచ్చాయి. తెలంగాణలో 2016లోను, ఆంధ్రప్రదేశ్‌లో 2022లోను జిల్లాలు మళ్లీ చీలాయి. 1985కు ముందు మండలాలే లేవు, తాలూకాలు, సమితులు ఉండేవి. ఒక కాగితం మీద మీ ఊరు ఏ కాలంలో ఏ తాలూకా, ఏ సమితి, ఏ జిల్లా కింద ఉందో రాసుకున్నాకే బస్సెక్కండి.

మద్రాసు కాలపు విద్యాశాఖ ఉత్తర్వులు చెన్నై ఎగ్మోరులోని తమిళనాడు ఆర్కైవ్స్‌లోను, నిజాం కాలపు దస్త్రాలు హైదరాబాదు తార్నాకలోని రాష్ట్ర ఆర్కైవ్స్‌లోను ఉన్నాయి. పాత పత్రికల కోసం వేటపాలెంలోని సారస్వత నికేతనం మంచి చోటు; 1918లో మొదలైన ఆ గ్రంథాలయంలో పాత సంచికలను భద్రపరిచారు. ఆంధ్రపత్రిక, కృష్ణాపత్రిక, గోలకొండ పత్రికల పాత సంచికలను ఉమ్మడి రాష్ట్రపు ప్రెస్ అకాడమీ స్కాన్ చేయించింది. హైస్కూలు ప్రారంభోత్సవం పత్రికలో నాలుగు పంక్తుల వార్తగా పడే కాలమది. తేదీ తెలిసి వెతికితేనే దొరుకుతుంది, తెలియక తిరగేస్తే నెలలు గడుస్తాయి.

పెద్దల జ్ఞాపకాలు

కాగితాలు కొంత చూశాకే మనుషుల దగ్గరికి వెళ్లాలి. ఏమీ తెలియకుండా వెళ్లి మీ రోజుల్లో బడి ఎలా ఉండేదండీ అని అడిగితే, మా రోజుల్లో క్రమశిక్షణ ఉండేది నాయనా అనే జవాబే అందరి నుంచీ వస్తుంది. ఎస్సెల్సీ పరీక్ష రాయడానికి ఏ ఊరు వెళ్లారు, అక్కడ ఎవరింట్లో దిగారు, మధ్యాహ్నం ఏం తిన్నారు, ఫీజు ఎంత కట్టారు, నల్లబల్ల ఏ గోడకు ఉండేది, మంచినీళ్లు ఎవరు పోసేవారు అని అడగండి. ఈ ఆఖరి ప్రశ్న చాలా ఊళ్లలో కుండ ఎవరు ముట్టుకోవచ్చు, ఎవరు దోసిలి పట్టాలి అన్న చోటికి తీసుకుపోతుంది. సంచిక పండుగ కోసమే అయినా ఆ జవాబును వదిలేయకూడదు. టెన్త్ పూర్తి చేసి పైకి వెళ్లిన ఇంజినీర్లు, డాక్టర్ల మాటలతో ఆపకుండా, ఎనిమిదిలో మానేసి పొలానికి వెళ్లినవారిని, తెలుగు పండిట్లను, డ్రిల్లు మాస్టర్లను, అటెండరును, మధ్యాహ్న భోజనం వండే ఏజెన్సీ మహిళలను కూడా కూర్చోబెట్టి మాట్లాడించాలి.

సంవత్సరాలు ఎవరికీ గుర్తుండవు, సంఘటనలు గుర్తుంటాయి. రజాకార్ల కాలానికి ముందా తరువాతా, 1969 తెలంగాణ ఉద్యమంలో బడి మూసిన ఏడా, 1972 జై ఆంధ్ర నాటికి మీరు ఎన్నో తరగతి, 1977 నవంబరు దివిసీమ ఉప్పెనకు రేకులు ఎగిరిపోయాయా అని అడిగితే తేదీలు వాటంతట అవే కుదురుకుంటాయి. కోనసీమలో 1996 నవంబరు తుఫాను ఇలాంటి గుర్తే.

జ్ఞాపకాన్ని గౌరవిస్తూనే సరిచూసుకోవాలి. 1955లో బడిలో రోజూ భారతదేశం నా మాతృభూమి అని ప్రతిజ్ఞ చేసేవాళ్లమని ఒక పెద్దాయన చెబితే, ఆయన అబద్ధమాడుతున్నారని కాదు, రెండు కాలాలు కలిసిపోయాయని అర్థం. నల్గొండ జిల్లా అన్నెపర్తికి చెందిన పైడిమర్రి వెంకట సుబ్బారావు ఆ ప్రతిజ్ఞను రాసింది 1962లో. అక్కడికక్కడే ఆయనను ఖండించి నోరు మూయించకండి. రికార్డు చేసుకుని, రాసేటప్పుడు ఆ వివరాన్ని పక్కన పెట్టండి.

రాసేటప్పుడు

దశాబ్దాల వారీగా కాక, బడి మలుపుల వారీగా అధ్యాయాలు వేసుకోవడం మేలు: పాక నుంచి భవనానికి, మిడిల్ నుంచి హైస్కూలుకు, ఆడపిల్లల రాక, ప్రైవేటు కాన్వెంట్లు వచ్చాక తగ్గిన సంఖ్య, నాడు-నేడు లేదా మన ఊరు - మన బడి పనులు. సంఖ్య తగ్గిన కథను దాచే సంచికలే ఎక్కువ. పిల్లలు ఎందుకు తగ్గారో ఆ ఊరి వాళ్లే రాయకపోతే ఇంకెవరు రాస్తారు? రిజిస్టరు నుంచి తీసిన ఏటేటి ప్రవేశాల సంఖ్యను ఒక పట్టికగా వేసి, దాని కిందనే ఊళ్లో మొదటి ప్రైవేటు బడి బస్సు ఎప్పుడు వచ్చిందో రాస్తే పాఠకుడికి సంగతి అర్థమవుతుంది.

దాతల పేర్లను వారిచ్చిన మొత్తాల వరుసలో కాక, సంవత్సరాల వరుసలో వేయండి. ఈనాటి లక్ష పక్కన 1958 నాటి 116 రూపాయలు చిన్నగా కనబడతాయి. ఆ రోజుల్లో ఆ డబ్బు ఎంతో మీ ఊరి పెద్దలనే అడిగి, ఎన్ని బస్తాల ధాన్యం ధరో పక్కన రాయవచ్చు. కూలివారు ఇటుకలు మోసి చేసిన శ్రమదానానికి రసీదు ఉండదు గనుక దానికి ఒక పేరా కేటాయించాలి. ఉపాధ్యాయుల గురించి రాసేటప్పుడు నిష్ణాతులు, మహామహులు వంటి విశేషణాలు తీసేసి, ఆయన ఏ పాఠం ఎలా చెప్పేవారో ఒక్క ఉదాహరణ ఇస్తే చాలు. ఎవరి మీదైనా ఆరోపణ ఉన్న సంఘటన రాయవలసి వస్తే కాగితం ఆధారం లేకుండా పేరు పెట్టవద్దు.

అచ్చుకు ఇచ్చే ముందు ప్రతిని ముగ్గురు చదవాలి: తొలి బ్యాచిలలో చదివినవారు ఒకరు, ప్రస్తుత ప్రధానోపాధ్యాయులు, ఈ బడితో సంబంధం లేని తెలుగు ఉపాధ్యాయులు ఒకరు. మూడో వ్యక్తికి అర్థం కాని పేరు, పొట్టి అక్షరాలు, స్థానిక సంగతి కనిపించిన చోటల్లా వివరణ చేర్చండి.

పుస్తకం వచ్చాక జిల్లా కేంద్ర గ్రంథాలయానికి, మండలంలోని శాఖా గ్రంథాలయానికి ప్రతులు ఇచ్చి రసీదు తీసుకోవాలి. బడికి ఇచ్చే ప్రతులను, స్కాన్ చేసిన ఫొటోలున్న హార్డ్ డిస్కును ప్రధానోపాధ్యాయుల బల్ల మీద పెట్టి రావద్దు. లైబ్రరీ స్టాకు రిజిస్టరులో నంబరు వేయించి, తేదీతో సంతకం చేయించండి. ప్రధానోపాధ్యాయులు బదిలీ అయి ఛార్జి అప్పగించే రోజున స్టాకు రిజిస్టరులో ఎక్కిన వస్తువులే లెక్కకు వస్తాయి.